వీథి యెవ్వరిది?

మేము ఉపాధ్యాయులము. పిల్లల వేషములను చూచి కనుబొమలు ముడుచుట మాకు అలవాటైన పని. కాని వేషమును నిందించుటకు మునుపు, దానిని ధరించినవారు ఏమి చెప్పగోరిరో విచారించుట విమర్శకుని ధర్మము. ఇండొనీషియాలోని జకర్తా నగరమున 2022 జూలైలో జరిగిన యొక వింత ఇందులకు నిదర్శనము.

చితాయం, బోజొంగ్‌గెదె, దెపొక్ అనునవి ఆ నగరమునకు దక్షిణముననున్న ఊళ్ళు. అచ్చటి సామాన్య కుటుంబముల బాలబాలికలు రైలెక్కి, సుదిర్మాన్ రాజమార్గము చెంతనున్న దుకుహ్ అతాస్‌కు వచ్చిరి. మిన్నంటు భవనముల నడుమ, వెలతక్కువ బట్టలనే చిత్రముగా కూర్చి ధరించి, పాదచారులు దాటుటకు వేసిన తెల్లచారలపై ఠీవిగా నడచిరి. ఆ సందడికి 'చితాయం ఫ్యాషన్ వీక్' అని పేరు కలిగెను.

ఆ రాజమార్గముననే 'సుదిర్మాన్ సెంట్రల్ బిజినెస్ డిస్ట్రిక్ట్' అను ధనికుల వ్యాపారకేంద్రము కలదు. దానిని ముక్తసరిగా ఎస్.సి.బి.డి. అందురు. ఆ నాలుగక్షరములకే ఇప్పుడు 'సుదిర్మాన్, చితాయం, బోజొంగ్‌గెదె, దెపొక్' అను రెండవ యర్థము పుట్టెను. శ్లేషకావ్యములను తలయూచి మెచ్చు మనము ఈ శ్లేషను తక్కువ చేయరాదు. సంపన్నుల పేటకు గల పేరులోనే పేదల యూళ్ళు చోటు సంపాదించుకొన్నవి.

దోషములు లేవని మేమనము. రాకపోకలకు అడ్డంకి కలిగెను, చెత్త పేరుకొనెను. పదుగురి మెప్పునకై చేయు వేషము చదువునకు బదులు కాజాలదు. అయినను అంతకు మించిన దోషము పెద్దలది. పిల్లల నడకవలన ప్రసిద్ధికెక్కిన ఆ పేరును తమ వాణిజ్యచిహ్నముగా నమోదు చేయించుకొనుటకు ఒక ప్రఖ్యాత నటుని సంస్థ దరఖాస్తు పెట్టెను. లోకులు గర్హింపగా దానిని ఉపసంహరించుకొనెను. అధికారులును ఆంక్షలు విధించిరి. కొలదికాలములోనే ఆ సందడి అణగిపోయెను.

పిల్లలు అడిగినదెంత? రుసుము చెల్లింపక నిలువదగిన చోటు, నలుగురును తమను చూచు ఒక సాయంకాలము. అంతియే. వారి అభిరుచి దిద్దదగినదే కావచ్చును. దిద్దుటకైనను వారిని ముందు మన యెదుట నిలువనీయవలెను గదా! వీథినుండి తఱిమి, పిమ్మట వారికి సంస్కారము లేదనుట న్యాయము కాదు. మన పట్టణములను కట్టించువారును ఈ మాటను ఆలోచింతురు గాక.