గరగర ఎవరిది?

ఈ వారం నాకు ఒళ్ళు మండించింది ఒక పద్యం. పాత గ్రామఫోను ప్లేటు మీది రాయబారం పద్యాన్ని ఒక మిత్రుడు ఏదో సాఫ్ట్‌వేర్‌లో వేసి, సూది గీతల చప్పుడు, వెనకాల సన్నటి సొద అన్నీ ఏరేసి వాట్సాప్‌లో పంపాడు. ‘నిన్న పాడినట్టుంది, వినండి’ అని కింద ఒక ముక్క. విన్నాను. గొంతు ఉంది, దాని చుట్టూ ఏమీ లేదు. హార్మోనియం కూడా సగం ఎగిరిపోయింది. సాఫ్ట్‌వేర్ దాన్నీ చెత్త కింద జమకట్టినట్టుంది.

నా గరగర పిచ్చి ఈ కాలమ్ చదివేవాళ్ళకి కొత్త కాదు. షార్ట్‌వేవ్ రేడియో మీద, సాగిపోయిన క్యాసెట్ల మీద మిమ్మల్ని చాలాసార్లే విసిగించాను. ఈసారి నా తరఫున సాక్ష్యం చెప్పడానికి నార్వే నుంచి మనుషుల్ని పిలిపిస్తున్నాను. డార్క్‌థ్రోన్ అని ఒక బ్లాక్ మెటల్ బ్యాండు. హైదరాబాద్‌లో మిక్సింగ్ పని చేసుకునే మా తమ్ముడి కొడుకు పుణ్యమా అని వీళ్ళు నాకు పరిచయం.

ఓస్లో పక్కన కొల్‌బోట్న్ అనే ఊరి కుర్రాళ్ళు. మొదటి ఆల్బమ్ ‘సోల్‌సైడ్ జర్నీ’ 1991లో వచ్చింది. స్టాక్‌హోమ్‌లోని సన్‌లైట్ స్టూడియోలో, స్వీడన్ డెత్ మెటల్‌కి ఒక ముద్ర తెచ్చిపెట్టిన తోమాస్ స్కోగ్స్‌బెర్గ్ దగ్గర రికార్డు చేశారు. శబ్దం బరువుగా, లెక్క తప్పకుండా ఉంటుంది. ఇంగ్లండ్‌లోని పీస్‌విల్ లేబుల్ వీళ్ళని తీసుకుంది ఇలాంటి సంగీతం కోసమే. అదే దారిలో రెండో ఆల్బమ్‌కీ పాటలు కట్టుకున్నారు. కట్టుకున్నాక పక్కన పడేశారు. డెత్ మెటల్ మరీ నున్నగా, ఒకే అచ్చులో పోసినట్టు తయారైందని వాళ్ళకి విసుగు పుట్టింది. 1980లలో వెనమ్, బాథరీ, కెల్టిక్ ఫ్రాస్ట్ వాయించిన మొరటుతనం వైపు తిరిగారు. ఈ మార్పు నచ్చని బాసిస్టు డాగ్ నిల్‌సెన్ బ్యాండు వదిలేశాడు. అయినా తన వంతు వాయించి మరీ వెళ్ళాడు. ఆ మర్యాద నాకు నచ్చింది.

1991 ఆగస్టులో సొంత ఊళ్ళోనే చిన్న స్టూడియోలో ‘ఎ బ్లేజ్ ఇన్ ద నార్తర్న్ స్కై’ రికార్డు చేశారు. గిటార్లు తేనెతుట్టె రేగినట్టు ఉంటాయి. బాసు వినీ వినబడదు. నాక్టర్నో కుల్టో గొంతు ఎక్కడో దూరం నుంచి గీరుకుంటూ వస్తుంది. మొదటి పాటే పది నిమిషాలు దాటుతుంది. అట్ట మీద నలుపూ తెలుపూ ఫోటో, ముఖానికి తెల్ల రంగు పూసుకున్న గిటారిస్టు. టేపు చేరాక పీస్‌విల్ వాళ్ళు కంగారుపడ్డారు. తీసుకున్న డెత్ మెటల్ బ్యాండు ఏమైపోయిందో అర్థం కాలేదు. శబ్దం పీలగా ఉంది, మళ్ళీ మిక్స్ చేయండి అన్నారు. బ్యాండు ఒప్పుకోలేదు. మీరు వేయకపోతే ఓస్లోలో యూరోనిమస్ అనే ఆయన నడిపే డెత్‌లైక్ సైలెన్స్ లేబుల్‌కి ఇచ్చేస్తాం అన్నారు. చివరికి లేబుల్ తగ్గింది. 1992 ఫిబ్రవరిలో ఆల్బమ్ ఎలా ఉన్నదో అలాగే విడుదలైంది.

మొదటి ఆల్బమ్‌ని మెచ్చుకున్నవాళ్ళలో కొందరు మొహం చిట్లించారు. ఏళ్ళు గడిచేసరికి అదే నార్వే బ్లాక్ మెటల్‌కి మూలస్తంభాల్లో ఒకటన్నారు. 2020లో నార్వే జాతీయ గ్రంథాలయం దేశ సాంస్కృతిక చరిత్ర మీద పెట్టిన ప్రదర్శనలో ఈ ఆల్బమ్‌కీ చోటిచ్చింది. జనం చెవులు మూసుకోవాలని చేసిన శబ్దం అద్దాల బీరువాలోకి చేరింది.

చూశారా, గరగరని ముట్టుకోకూడదు అని ఇక్కడితో కాలమ్ ముగించి, మిత్రుడికి పంపేద్దామనుకున్నాను. మావాడికి ముందుగా ఫోన్‌లో చదివి వినిపించాను. "పెదనాన్నా, వాళ్ళకి స్టాక్‌హోమ్ స్టూడియో ఎలా ఉంటుందో తెలుసు. తెలిసి వద్దనుకున్నారు. మరి మీ పద్యం పాడినాయన వద్దనుకున్నాడా?" అన్నాడు.

ఆయనకి ఎవరిచ్చారు ఆ అవకాశం? మైకు రాని రోజుల్లో గరాటు లాంటి కొమ్ములో తల దూర్చినంత పనిచేసి అరవాలి. ప్లేటుకి ఒక పక్క మూడు నిమిషాలకి అటూ ఇటూ. నాటకంలో వన్స్‌మోర్లు కొట్టించుకుని పద్యం చివర రాగం తీసిన మనిషి ఇక్కడ గడియారం చూసుకుని రాగాన్ని తుంచుకోవాలి. గీతలు పడ్డది తర్వాత, అరిగిన సూదితో వందసార్లు వేసుకున్నవాళ్ళ చేతుల్లో. ఆ చప్పుళ్ళలో ఒక్కటీ ఆయనది కాదు. నాకు ఇష్టమైనది నా చిన్నతనపు చప్పుడు. దాన్ని ఆయన కళ అని ఎలా అనగలను? హార్మోనియం చెడగొట్టకుండా తుడవగలిగితే తుడవనివ్వండి. డార్క్‌థ్రోన్‌ని మాత్రం ముట్టుకోవద్దు.

అయితే ఈ లెక్కకి ఇంకో కొస ఉంది, అది అంత హాయిగా ఉండదు. 1994లో వచ్చిన ‘ట్రాన్సిల్వేనియన్ హంగర్’ ఇంకా మొరటు. నాలుగు ట్రాకుల ఇంటి యంత్రం మీద వాద్యాలన్నీ బ్యాండులోని ఫెన్రిజ్ ఒక్కడే వాయించాడు. అది గొప్ప రికార్డే. కానీ మొదటి ముద్రణలో అట్ట వెనక తమ సంగీతానికి ‘ఆర్య’ అనే బిరుదు తగిలించుకున్నారు. కుర్రతనం అని సర్దిచెప్పేవాళ్ళు ఉన్నారు. శబ్దం కావాలనే అలా చేశారని మెచ్చుకునేటప్పుడు, అట్ట మీది మాట మాత్రం పొరపాటున పడిందంటే కుదరదు. అదీ వాళ్ళు ఏరుకున్నదే. తర్వాతి ముద్రణల్లో దాన్ని తీసేశారు. గ్రంథాలయం వాళ్ళు ఎంచుకున్నది 1992 ఆల్బమ్ కాబట్టి పేచీ రాలేదు. రేపెప్పుడైనా ‘ట్రాన్సిల్వేనియన్ హంగర్’నీ బీరువాలో పెట్టదలిస్తే, నేనైతే మొదటి అట్టే పెట్టమంటాను, వెనక వైపు కనబడేలా.