తొలి ఎపిసోడ్‌లో తెగని బేరం

హాస్య సీరియల్ రాస్తామని స్క్రిప్టు పట్టుకొచ్చే మా అనంతపురం వైపు కుర్రాళ్లు తొలి ఎపిసోడ్‌ను దాదాపు ఒకేలా మొదలుపెడతారు. ఒకడు వస్తాడు, వాడు పిసినారి అని తెలియడానికి ఒక సీను. తర్వాత ఇంకొకడు, వాడి కోపానికి ఇంకో సీను. ఆరుగురి పరిచయం ముగిసేసరికి ఎపిసోడ్ అయిపోతుంది, కథ గడప దాటదు.

ఇలా ఒక్కొక్కరినీ ప్రవేశపెట్టడం మనకు పాత అలవాటే. భామాకలాపంలో సత్యభామ ప్రవేశ దరువుతో వచ్చి తానెవరో తానే చెప్పుకుంటుంది. అక్కడ అది ఎంతో అందం. కథ అందరికీ తెలుసు, చూడాల్సింది ఆ రాకలోని ఠీవినే. కానీ వారం వారం వచ్చే సీరియల్లో మనుషులు ఒకరి వల్ల ఒకరు తెలియాలి.

2001లో జెమినీ టీవీలో మొదలైన గుణ్ణం గంగరాజు 'అమృతం' అల్లిక చూడండి. డబ్బు సంపాదించాలని అమృతరావు ఆరాటం, అందులో ఆంజనేయులు భాగం, ఇద్దరి నెత్తినా ఇంటి ఓనరు అప్పాజీ, వాళ్ల హోటల్లో పనిచేసే సర్వం. వీళ్లలో ఒక్కరిని విడదీసి వర్ణించలేం. అప్పాజీ అనగానే అద్దె మాట వచ్చి తీరుతుంది. అందుకే అమృతరావు వేషం శివాజీరాజా తర్వాత నరేశ్, హర్షవర్ధన్ వేసినా జనం చూడడం మానలేదు. పక్కన గుండు హనుమంతరావు ఆంజనేయులుగా ఉన్నాడు, ఇంటి అద్దె అలాగే ఉంది.

అమెరికాలో 1982లో వచ్చిన 'చీర్స్' తొలి ఎపిసోడ్ మొత్తం ఒక బారులోనే సాగుతుంది. పెళ్లాడతానన్నవాడు వదిలేసి పోతే డయాన్ అక్కడే పనికి కుదురుతుంది. ఆమెతో పాటు మనకూ బారులో అందరూ తెలుస్తారు.

అలాంటిదే పామిడిలో జరిగేలా రాస్తే నేను బట్టల అంగడి పెడతాను. నైటీలకు పేరుపడ్డ ఊరు. ఒకామె గుడ్డను రెండు వేళ్ల మధ్య నలిపి చూస్తుంది. అంగడాయన ఆమె ముఖమే చూస్తుంటాడు. గుమాస్తా చెయ్యి అప్పటికే ఇంకో తాను మీదికి పోయింటుంది. మూలన మిషను తొక్కుతున్న టైలరు తలెత్తకుండా, "అది ఉతికితే ముడుచుకపోతాదక్కా" అంటాడు.

"ఏమప్పా, నువ్వు జీతం నా దగ్గర తీసుకుంటాండావా, ఆయమ్మ దగ్గరా?"

నలుగురూ వచ్చేశారు, ఒక్కరి పేరూ ఎవరూ పలకలేదు.

అయితే నేను ఎక్కువసేపు ఆలోచించేది ఆ తర్వాతి సంగతి. ఆ టైలర్ని అంగడాయన పంపించెయ్యలేడు, పండగ ఆర్డరు నెత్తిమీదుంది. టైలరూ పోలేడు, అడ్వాన్సు తీసుకొని వాడేశాడు. ఆమె సగం డబ్బిచ్చి మిగతాది పై వారమంటుంది. కుర్రాళ్లకు నేను చెప్పేది ఈ ముడుల గురించే. తొలి ఎపిసోడ్‌లో సగం కాలం వీటికే పోయినా ఫరవాలేదు. ఎవడెంత పిసినారో రెండో వారం తెలుస్తుంది.