ఒకే వలయం, రెండు రసాలు

రోమ్‌లో జర్మన్ రాయబార కార్యాలయం ఆవరణ. మార్తా తండ్రి ఆమె కళ్లముందే కుప్పకూలి చనిపోయాడు. ఆ దిగ్భ్రమలో ఉన్న ఆమెకు ఒక అపరిచితుడు ఎదురవుతాడు. ఒకరినొకరు దాటుకుపోతూ ఇద్దరూ మెల్లగా తిరుగుతారు. వాళ్లు తిరుగుతుండగానే కెమెరా వాళ్ల చుట్టూ నిండుగా ఒక చుట్టు తిరిగి వస్తుంది. మాట లేదు, స్పర్శ లేదు. కొన్ని సెకన్లే. చూసేవాళ్లకు మాత్రం కాళ్లకింద నేల జారుతుంది.

1974లో ఫాస్‌బైండర్ జర్మన్ టెలివిజన్ కోసం తీసిన 'మార్తా'లోది ఈ షాట్. ఛాయాగ్రాహకుడు మిఖాయెల్ బాల్‌హౌస్. మొదటిసారి చూస్తే అది వలపు పుట్టిన క్షణం. ఆ అపరిచితుణ్నే పెళ్లాడిన మార్తా ఇంటికి బందీ అయి, చివరికి చక్రాల కుర్చీకి చేరాక మళ్లీ చూడండి. ఆ చుట్టు ఆమె మెడకు పడిన తాడు! కదలిక ఒక్కటే. శృంగారమై వచ్చి భయానకమై మిగులుతుంది.

ఈ విద్య బాల్‌హౌస్‌కు ఊరికే రాలేదు. తల్లిదండ్రులు నాటకాలవాళ్లు. 1955లో మాక్స్ ఓఫుల్స్ 'లోలా మోంటెస్' తీస్తుంటే కుర్రవాడిగా దగ్గర నిలబడి చూశాడు. సర్కస్ బరి చుట్టూ కెమెరా తిరిగే చిత్రమది.

అమెరికా వెళ్లాక దర్శకుడు స్కోర్సేసీకి ఏడు సినిమాలు చేశాడు. 'గుడ్‌ఫెల్లాస్'లో వంటగది గుండా నైట్‌క్లబ్‌లోకి సాగే నిడుపాటి షాట్ గురించి అందరూ చెబుతారు. స్టెడీకామ్ కెమెరా మోసిన లారీ మెక్‌కాంకీకీ అందులో వాటా ఉంది. నా మనసు మాత్రం 1989 నాటి 'ది ఫాబ్యులస్ బేకర్ బాయ్స్' దగ్గరే ఆగిపోతుంది. ఎర్రని గౌనులో మిషెల్ ఫైఫర్ పియానో మీదికెక్కి పాడుతుంది. కెమెరా మళ్లీ చుట్టూ తిరుగుతుంది. ఈసారి ఉచ్చు లేదు, ప్రదక్షిణే. తొందర లేదు, ఆమె పాటను చెదరనివ్వదు. ఆమె వొంటి మీది వెలుగును ఆమెకే వదిలేసి, తాను చీకట్లో నడుస్తుంది. కోరికలోనూ ఇంత మర్యాద ఉంటుందని నాకు చూపించిన షాట్ ఇది.

బాల్‌హౌస్ మూడుసార్లు ఆస్కార్‌కు నామినేట్ అయ్యాడు, ఒక్కసారీ రాలేదు. చివరి ఏళ్లలో గ్లకోమా అతని చూపును హరించింది. 2016లో బెర్లిన్ చలనచిత్రోత్సవం గౌరవ స్వర్ణ భల్లూకం ఇచ్చింది. మరుసటేడు ఏప్రిల్‌లో, పుట్టిన బెర్లిన్‌లోనే కన్నుమూశాడు.

ముందు 'మార్తా' చూడండి. ఒక రాత్రి గడవనిచ్చి 'బేకర్ బాయ్స్' చూడండి.