ఆకలి నటన

ఏకాదశినాడు ఒంటిపూట ఉండి, సాయంత్రానికి ఉప్పుడుపిండి తిని, “అబ్బ, ఎంత నీరసమో!” అంటూ నడుం వాల్చేస్తాం మనం. 2004లో వచ్చిన ‘ది మెషినిస్ట్’ కోసం క్రిస్టియన్ బేల్ అనే నటుడు రోజుకో ఆపిలు, ఓ డబ్బా చేపముక్కలతో నెలల తరబడి ప్రాణం నిలుపుకుని దాదాపు 28 కిలోలు తగ్గాడట. పుణ్యం కోసం కాదండీ, పాత్ర కోసం!

కథానాయకుడికి ఏడాదిగా కంటిమీద కునుకు లేదు. అతను చొక్కా విప్పి నిలబడితే గుండె గుభేలుమంటుంది, నిజమే. కానీ ఆ తర్వాత? అతని మనసును తొలిచేస్తున్న తప్పేమిటో ఆలోచించవలసిన మనం పక్కటెముకలు లెక్కపెడుతూ కూర్చుంటాం. “అయ్యో, ఇతనికి అన్నం పెట్టేవాళ్ళే లేరా?” అనిపిస్తుంది. పాత్రమీద కలగవలసిన జాలి కాస్తా నటుడిమీదికి మళ్ళిపోయింది. నా మట్టుకు నాకది లోటే.

చేతిలో డబ్బాడక తీసిన మరో సినిమా డేవిడ్ లించ్ ‘ఇరేజర్‌హెడ్’. 1972లో మొదలుపెడితే 1977కి గాని బయటికి రాలేదు. దర్శకుడు ఇంటింటికీ పేపర్లు వేసి పొట్టపోసుకున్నాడు. నాయకుడు జాక్ నాన్స్ నిక్కబొడుచుకున్న ఆ జుట్టును అన్నేళ్ళూ అలాగే కాపాడుకొచ్చాడు. ఒకచోట తలుపు తీస్తాడు. లోపల అడుగు పెట్టిన ముక్క తీసింది ఏడాదిన్నర తర్వాత! ఇదీ పిచ్చే. కాకపోతే ఆ పాట్లేవీ తెరమీద కనబడవు. మన కళ్ళు కథలోనే ఉంటాయి.

ఇంతకీ అన్నేళ్ళు అన్నం ఎక్కణ్ణించి వచ్చింది? నాన్స్ భార్య కాథరీన్ కూల్సన్ సినిమాకి సాయంగా ఉంటూనే, హోటల్లో వడ్డన చేసి తెచ్చిన డబ్బు ఆ సినిమాకే పెట్టింది. అంతదూరం ఎందుకు? 1955లో వచ్చిన ‘పథేర్ పాంచాలి’ మధ్యలో ఆగిపోకుండా సత్యజిత్ రాయ్ భార్య బిజయ నగలు తాకట్టుకెళ్ళాయి. నటుడి ఎండిన డొక్కను చూసి తపస్సన్నవాళ్ళు, ఇల్లాలి బోసిమెడకి ఏం పేరు పెట్టారో మరి!

ఇదంతా చదివి వినిపిస్తే మావారు ఉత్సాహంగా, “మనమూ ఓ చిన్న సినిమా తీస్తే?” అన్నారు.

నేను గొలుసు కొంగుకింద దాచుకున్నాను.