స్వభావోక్తియు చలచ్చిత్రమును : బెర్ట్ హాన్‌స్ట్రా పరిశీలనాదృష్టి

స్వభావోక్తి యలంకారమా, కాదా యను చర్చ మన ఆలంకారికులలో ప్రాచీనమైనది. దండి కావ్యాదర్శమున దానిని అలంకారములలో మొదటిదిగా గణించెను. భామహుడు దానిని కొందఱి మతముగా పేర్కొని, వక్రోక్తి లేనిదే యలంకారము లేదనెను. కుంతకుడు ఇంకను ముందుకు పోయి, వస్తుస్వభావము అలంకరింపబడునదే కాని అలంకరించునది కాజాలదని నిరాకరించెను. ఈ చర్చ కావ్యమునకే పరిమితము కాదు. ఉన్నదానిని ఉన్నట్లు చూపుటయే పనిగా గల డాక్యుమెంటరీ చిత్రమునకు ఇది ప్రాణప్రశ్న. యంత్రము చూచినదెల్ల కళ యగునా? నెదర్లాండ్సు దేశపు దర్శకుడు బెర్ట్ హాన్‌స్ట్రా (1916-1997) చిత్రములు కొన్నింటిని ఈ ప్రశ్నతో పరిశీలించుట ఈ వ్యాసమున కుద్దేశము.

1950లో నతడు తీసిన 'హాలండు దర్పణము' నీటిలోని ప్రతిబింబములతో నిండిన చిత్రము. కెమెరాను తలక్రిందులుగా నుంచుటచే నీడలు నిటారుగా నిలిచి, నిత్యము చూచెడి యూరే నూతనముగా తోచును. చూపబడినది స్వభావము, చూచిన తీరు వక్రత. ఈ రీతి పరిపక్వమైనది 'గ్లాస్' (1958) నందు. లీర్డమ్ పట్టణములోని గాజు కర్మాగారమువారు తమ పరిశ్రమను గూర్చి చిత్రము తీయుమని కోరగా, ఆ పనిలోనుండియే యీ చిన్న చిత్రము పుట్టినది. 1960లో దీనికి ఆస్కారు బహుమానము లభించెను. ఇందు వ్యాఖ్యాత లేడు. కార్మికులు గొట్టముల చివర ఎఱ్ఱగా కాగిన గాజుముద్దను నిలిపి యూదుదురు. బుగ్గలు పొంగును; వ్రేళ్లు గొట్టమును త్రిప్పును; పిమ్ జేకబ్స్ జాజ్ సంగీతము ఆ చేష్టల లయ నందుకొనును. చూచువారికి వారు వాద్యకారులవలె కన్పట్టుదురు. పిదప దృశ్యము యంత్రశాలకు మాఱును. సీసాలు ఒక్క తీరుగా బారులు తీరి వచ్చుచుండును. ఒకచోట పగిలిన సీసా యొకటి అడ్డుపడును. యంత్రమది యెఱుగదు, వెనుక వచ్చునవి యొకటొకటిగా పగులుచునే యుండును. తుద కొక మనుష్యుని చేయి వచ్చి ఆ యడ్డు తొలగించును.

ఇందలి వస్తువులన్నియు ఆ కర్మాగారమున నున్నవే. కాని పొంగిన బుగ్గకు ప్రక్కగా యంత్రమును నిలుపుట, ఆ నిలుపుటలో లయను దీక్షించుట దర్శకుని వ్యాపారము. మనుష్యునకును యంత్రమునకును గల భేదమును ఒక్క మాటయు లేక తెలుపుట ధ్వని కాక మఱేమి? కుంతకుని ఆక్షేపమునకు సమాధాన మిందే కలదు. స్వభావము అలంకార్యమే, ఏఱుటయు, కూర్చుటయు అలంకారములు.

'జూ' (1962), 'ఆలెమాన్' (1963) చిత్రములతో ప్రశ్న మఱియొక రూపము దాల్చును. మొదటిదానిలో ఆమ్‌స్టర్‌డామ్‌లోని ఆర్టిస్ జంతుప్రదర్శనశాలకు వచ్చినవారిని చాటునుండి చిత్రించి, వారి ముఖములకును జంతువుల ముఖములకును పొత్తు కుదిర్చెను. ఎవ్వ రెవ్వరిని చూడవచ్చిరో తెలియరాదు. రెండవది దేశజనులందఱి చిత్రము. సముద్రతీరమున తువాలు చాటున బట్టలు మార్చుకొనువారి పాట్లు చూచి నవ్వనివారుండరు. 1964లో బెర్లిన్ చిత్రోత్సవమున దీనికి స్వర్ణభల్లూక బహుమతి వచ్చినది. ఇంచుమించు 1 కోటి 20 లక్షల జనాభా గల ఆ దేశమున 16 లక్షలకు పైగా ప్రేక్షకులు దీనిని చూచిరి.

ఇచటనే విమర్శకుడు తడవు నిలువవలసియున్నది. తాను చూడబడుచున్నట్లు ఎఱుగని మనుష్యుని చూచి నవ్వుట న్యాయమా? 'ఆలెమాన్' అనగా 'అందఱును' అని యర్థము. భట్టనాయకుడు చెప్పిన సాధారణీకరణమును ఈ పేరే సూచించుచున్నదనవచ్చును. తువాలుతో పెనగులాడువాడు ఫలానావాడు కాడు, మనమే. కావున ఆ నవ్వు పరిహాసము కాక ఆత్మీయమగుచున్నది. ఈ సమర్థన కొంతవఱకే చెల్లును. కావ్యనాయకుడు కవికల్పితుడు, వాని పరువు కవి చేతిలోనిది. తెరమీది మనుష్యునకు తనదైన ముఖము కలదు. అతనిని తెలిసినవారి కన్నులకు అది యెన్నటికిని సాధారణము కాదు. పైగా సైమన్ కార్మిగెల్ట్ వ్యాఖ్యానము ఎంత సరసమైనను, 'గ్లాస్'లో ప్రేక్షకుడు తానై గ్రహించు దానిని ఇందు మాట ముందుగనే అందించును.

కావున నా దృష్టిలో 'గ్లాస్'కే ప్రథమస్థానము. అచట కెమెరా పనివాని యెదుట నిలిచి, అతని నేర్పును గౌరవించినది. 'ఆలెమాన్'ను కాపాడినది పద్ధతి కాదు, దర్శకుని సౌజన్యము. ఆ సౌజన్యము లేనివాని చేతిలో అదే పద్ధతి దొంగచూపుగా మాఱును. స్వభావోక్తికి వస్తుజ్ఞానమొక్కటి చాలదు. వస్తువుపట్ల మర్యాదయు వలయును.