సుబ్రత మిత్ర ఛాయాగ్రహణము: వెలుతురునందలి ఔచిత్యము

సత్యజిత్ రాయ్ చిత్రములను గూర్చి వ్రాయువారు కథాకల్పనమును, పాత్రపోషణమును విపులముగ చర్చించి, ఛాయాగ్రహణమును ఒక ప్రశంసావాక్యముతో ముగింతురు. ఇది నాకు సమంజసముగ తోపదు. దృశ్యకావ్యమున వెలుతురు కావ్యాంగము కాకపోవునా? సుబ్రత మిత్ర (1930-2001) కృషిని ఈ దృష్టితో పరిశీలింపవలసియున్నది.

1952లో ‘పథేర్ పాంచాలీ’ చిత్రణము ప్రారంభమైనపుడు మిత్రకు సుమారు 22 ఏండ్లు. అంతకుముందు చలనచిత్ర కెమెరాను నడిపినవాడు కాడు. రెన్వార్ బెంగాలులో ‘ది రివర్’ తీయుచుండగా ప్రక్కన నిలిచి, దీపముల అమరికను గమనించి వ్రాసికొన్నవాడు మాత్రమే.

‘అపరాజితో’ (1956)లోని కాశీ యింటిని బన్సీ చంద్రగుప్త కలకత్తా స్టూడియోలో నిర్మించెను. మన మండువా యిండ్లను ఎఱిగినవారికి అచటి వెలుతురు క్రొత్త కాదు. అది ఆకాశమునుండి దిగును. దానికి గట్టి నీడ యుండదు. స్టూడియో దీపములో, ఒక్కొక్క వస్తువునకు రెండు మూడు నీడలు కల్పించును. ఆ వెలుతురు స్టూడియోలో రాదని మిత్ర వాదించెను, వాదము చెల్లలేదు. అపుడాతడు ముంగిలిపై తెల్లని వస్త్రమును పఱపించి, దీపములను దానివైపు త్రిప్పి, ప్రతిఫలించిన కాంతితోనే చిత్రించెను. 1961 నాటి బెర్గ్మన్ చిత్రమున స్వెన్ నిక్విస్ట్ ఇట్టి పద్ధతినే అవలంబించుటచే, ముందెవరను చర్చ పుట్టినది. కాలనిర్ణయము మిత్రకే అనుకూలము. అయినను నాకది ప్రధానము కాదు. హరిహరునిది పేదయిల్లు. దీపకాంతుల తళుకు పడినచో ఆ పేదఱికము అలంకారమై పోయెడిది. క్షేమేంద్రుడు చెప్పిన ఔచిత్యమునకు ఇది చక్కని లక్ష్యము. ‘జల్సాఘర్’ (1958)లో జమీందారు వైభవము దీపగుచ్ఛమునందే యున్నది గనుక అచట నీడలే కావలసివచ్చెను. కనుక మిత్ర తన పద్ధతికి తానే బానిస కాలేదనుట స్పష్టము.

‘చారులత’ (1964) నాటికి కెమెరాను రాయే నడుపసాగెను. ‘నాయక్’ (1966)తో వారి సాహచర్యము ముగిసెను. పిమ్మట మిత్ర చేసిన చిత్రములు కొలదియే. ఐవరీకి చేసిన నాలుగింటిలో ‘షేక్స్‌పియర్ వాలా’ (1965) మేలైనది. కడపటి ‘బాంబే టాకీ’ (1970)లో వెలుతురు కథను మించినదని నా అభిప్రాయము. ‘న్యూఢిల్లీ టైమ్స్’ (1986)కు జాతీయ బహుమతి లభించెను.

పరిశోధకులకు ఇంకొక చిక్కు గలదు. 1993లో లండనునందలి అగ్నిప్రమాదమున అపు చిత్రత్రయపు మూలప్రతులు కాలిపోయెను. మిగిలిన భాగములనుండి, ఇతర ప్రతులనుండి పరిష్కృతమైన పాఠము 2015లో వెలువడెను. అంతకుముందు మనము చూచిన అరిగిన ప్రతులలోని మసకదనమును మిత్ర శైలిగ వర్ణించిన వ్యాసములు పునఃపరిశీలింపవలసినవి. అట్టి వ్యాసమొకటి నేనును వ్రాసితిని.