తీరిక వేళ ఎవరి లెక్క? నరసాపురం లేసుపై ఒక పుస్తకం

2024లో నరసాపురం క్రోషే లేసుకు భౌగోళిక గుర్తింపు లభించింది. ఈ సందర్భంలో జర్మన్ సామాజిక శాస్త్రవేత్త మరియా మీస్ 1982లో ఇంగ్లీషులో వెలువరించిన ‘ది లేస్ మేకర్స్ ఆఫ్ నర్సాపూర్’ను మన విద్యార్థులు చదవాలని కోరుతున్నాము.

లేసు అల్లికను మన ప్రాచీన కళల జాబితాలో చేర్చడం పరిపాటి అయింది. అది పొరపాటు. 19వ శతాబ్దంలో క్రైస్తవ మిషనరీలు గోదావరి డెల్టాలో మతం మారిన మాల, మాదిగ స్త్రీలకు నేర్పిన పని ఇది. ఘోషా పాటించే కాపు స్త్రీలు దీన్ని చేపట్టింది తరువాత. గడప దాటకుండా చేయగలగడమే అందుకు కారణం.

మీస్ గట్టిగా పట్టుకున్నది కూడా ఆ గడపనే. వ్యాపారి దారం ఏజెంటు ద్వారా ఇళ్లకు చేరుతుంది. ఒకరు పువ్వులు అల్లితే మరొకరు అతుకుతారు. సరుకు విదేశాలకు పోతుంది. రోజుకు ఆరు నుంచి ఎనిమిది గంటలు సూది పట్టిన మనిషిని అడిగినా, వ్యాపారిని అడిగినా వచ్చే జవాబు ఒకటే: ఏదో తీరిక వేళ చేసే పని! తీరిక వేళ పనికి కూలి ఏమిటి, చిల్లర చాలదా? అదే ప్రాంతంలో పొలం పనికి వెళ్లే స్త్రీ ఇంతకన్నా ఎక్కువే సంపాదించేది. అయినా నీడపట్టున కూర్చున్న ఈమె, ఎండలో వంగిన ఆమె కన్నా తాను మేలనుకునేది. ఆ పరువు ఖరీదు కూలిలోంచే కోతపడిందని మీస్ నిరూపించిన తీరు ఈ గ్రంథానికి ప్రాణం. ‘గృహిణి’ అన్న మాటను అంత అమాయకంగా ఇక వాడలేము.

అయితే తెలుగు పాఠకులుగా మాకొక అసంతృప్తి ఉంది. ఆ స్త్రీల మాటలు ఇంగ్లీషులోకి మారి మనకు చేరుతున్నాయి. యాసా పోయింది, ఎత్తిపొడుపూ పోయింది. నమూనా చూసి కన్నులు లెక్కపెట్టుకుంటూ అల్లే నేర్పుకు దక్కవలసినంత చోటు దక్కలేదు. దోపిడీని చూపే తొందరలో పనితనం మరుగున పడిందని మా అభిప్రాయం.

భౌగోళిక గుర్తింపు కాపాడేది ఊరి పేరును. అతుకు పనికి ఎంత ఇవ్వాలో అది చెప్పదు. ఆ లెక్క అడగదలచిన వారికి మీస్ పుస్తకమే ఇప్పటికీ దారి.

నరసాపురం వశిష్ఠ ఒడ్డున, యానాం గౌతమి ఒడ్డున. రెండూ ఒకే గోదావరి పాయలు. లేసు పని మాటలను అల్లేవారి నోటినుంచే రాసుకురావడం యానాం విద్యార్థులకు ఒక బస్సు ప్రయాణం దూరంలో ఉన్న పని.